తీగ మీద పదకొండు చొక్కాలు

క్లబ్బు వాళ్ళు మా ఆయన మీద ఒక పుస్తకం వేశారు. నలభై పేజీలు. ఆయన పోయాక, అరవై దాటిన వయసులో అక్షరాలు దిద్దుకున్నదాన్ని కాబట్టి అది పూర్తి చేయడానికి నాకు ఒక వానాకాలం పట్టింది. పుట్టిన తేదీ తప్పు, మోకాలు దెబ్బతిన్న సంవత్సరం తప్పు, మిగతాదంతా ఫరవాలేదు. ముప్ఫై రెండో పేజీలో మాత్రం ఒక వాక్యం దగ్గర ఆగిపోయాను. ఆయన మేనేజర్ అయిన మూడో ఏడు చివరి మ్యాచ్‌లో మేనేజర్ అనూహ్యంగా జట్టు కూర్పు మార్చి క్లబ్బును కాపాడారని ఉంది. అంతే. ఆ కూర్పు ఎక్కడ జరిగిందో, ఎందుకు దాచాల్సి వచ్చిందో రాసినవాళ్ళకు తెలియదు. తెలిసినవాళ్ళలో మిగిలింది నేనొక్కదాన్నే.

జీతం తీసుకుని ఫుట్‌బాల్ ఆడిన మొదటివాళ్ళలో మా ఆయన ఒకరు. అంతకుముందు తోళ్ళ కార్ఖానాలో బూట్ల అడుగులు కోసేవారు. శనివారం మధ్యాహ్నం కత్తి కడిగి గూట్లో పెట్టి, అదే కార్ఖానా జట్టుకు ఆడేవారు. చూడడానికి వచ్చే జనం పెరిగి గేటు దగ్గర టిక్కెట్టు పెట్టాక, కార్ఖానా యజమాని ఒకరోజు పిలిచి, ఇక కత్తి పట్టక్కర్లేదు, బంతి తంతే చాలు, వారం వారం జీతం ఇస్తానన్నాడు. మా సంబంధం మాట్లాడుకునేటప్పుడు మా నాన్న, అబ్బాయి ఏం చేస్తాడని అడిగాడు. బంతి ఆడతాడన్నాడు ఆయన అన్నయ్య.

"అది సరే. పనేం చేస్తాడు?"

"అదే పనండీ."

మా నాన్న నా వైపు తిరిగి, విన్నావుగా, తర్వాత నన్ను అనొద్దు అన్నట్టు చూశాడు. నేను అనలేదు. ఎప్పుడూ అనాల్సిన అవసరం రాలేదు.

జట్టులో ఆయన్ని గునపం అనేవాళ్ళు. ఆయన తన్నిన బంతి అటూ ఇటూ వంగదు, తిన్నగా పోయి దిగబడుతుంది. అప్పటి బంతి ఇప్పటిలాంటిది కాదు. తోలు బంతి, పైన లేసులు. వాన పడితే నీళ్ళు తాగి ఇటుకలా బరువెక్కేది. లేసులున్న వైపు నుదుటికి తగిలితే ఆ కుట్లు చర్మం మీద అచ్చుపడేవి. పన్నెండేళ్ళు ఆడారు. చివరికి ఒక గోలు కీపరు మోకాలి మీద పడ్డాడు. ఎముకలు కట్టే ఆయన కాలు అటూ ఇటూ తిప్పి చూసి, నడవడానికి పనికొస్తుంది, పరుగుకు పనికిరాదని తేల్చేశాడు.

అప్పుడు యజమాని ఆయన్ని మేనేజర్‌ని చేశాడు. ఆ మాట అప్పటికి మా ఊళ్ళో బ్యాంకులో తప్ప ఎక్కడా వినలేదు. మేనేజర్ ఏం చేయాలండీ అని ఈయన అడిగితే, గెలిపించాలి అన్నాడట ఆ పెద్దమనిషి. ఉద్యోగంతోపాటు మైదానం వెనక రెండు గదుల ఇల్లు ఇచ్చారు. వెనక పెరట్లో చేతిపంపు, బట్టలారేసే తీగ, ఆ పైన రైలు గట్టు. జట్టు బట్టలుతికే పని నాది.

ఇక్కడొక సంగతి చెప్పాలి. జట్టుకు ఉన్నవి పద్నాలుగు చొక్కాలు, అన్నీ ఒకే రంగు. వీపు మీద అంకెలు వేసే అలవాటు అప్పటికి లేదు. ఏ చొక్కా ఎవరిదో కాలరు లోపల పేరు రాయించుకోవచ్చు కానీ, రాసినా చదవలేను కదా. అందుకని ఒక్కొక్కరి చొక్కా అడుగు అంచున అరచేయంత రంగు గుడ్డ కుట్టాను. గోలు కీపరుకు ఎరుపు. నడిమిన ఆడే పీపాకు గళ్ళ గుడ్డ. కుడి ఎడమల్లో ఎక్కడైనా నిలబడే వెనక ఆటగాడు తాతయ్యకు నీలం. ఎడమ చివర పరుగెత్తే పిచ్చుకకు పసుపు. పిచ్చుక అంటే ఇరవై రెండేళ్ళ కుర్రాడు, నిలబడితే నా భుజం దాకా వచ్చేవాడు, పరుగెత్తితే ఎవరికీ అందేవాడు కాదు.

గురువారం సాయంత్రం ఈయన జట్టు ఎంచేవారు. ఏ పదకొండుమందో, ఎవరు ఎక్కడో నాకు నోటితో చెప్పేవారు. నేను శుక్రవారం ఉదయం చొక్కాలు ఉతికి, మరిచిపోకుండా ఆ వరసలోనే ఆరేసేదాన్ని. పంపు దగ్గర కీపరు. జానెడు ఖాళీ వదిలి వెనక ఇద్దరు, ముందు కుడివాడు, తర్వాత ఎడమవాడు. ఇంకో జానెడు ఖాళీ, నడిమి ముగ్గురు. ఆపైన వంటింటి గుమ్మం దాకా ముందువరస అయిదుగురు. ఆడని ముగ్గురి చొక్కాలు పక్కన వెదురు మీద. అదే వరసలో మడతపెట్టి మైదానానికి పంపిస్తే, దొంతరలో ఎక్కడ తన చొక్కా ఉందో చూసుకుని ఎవడి చోటు వాడికి తెలిసిపోయేది.

మొదట్లో అది నా గుర్తు కోసమే. పోనుపోను ఆయనకూ అలవాటైపోయింది. శుక్రవారం టీ గ్లాసు పట్టుకుని పెరట్లోకొచ్చి తీగ ముందు నిలబడేవారు. కాసేపు చూసి, ఇదిగో, ఆ నీలం ఇటు మార్చు అనేవారు. నేను మార్చేదాన్ని. మళ్ళీ చూసేవారు. కాగితం మీద పేర్లు రాసుకుంటే ఆయనకు బుర్ర పనిచేసేది కాదు. పేర్లు కదలవే, చొక్కాలైతే గాలికి కదులుతాయి, మనుషుల్లా కనిపిస్తాయి అనేవారు.

ఆ మార్చడంలోనే ఆయన పనితనం ఉంది. ఆ రోజుల్లో మిగతా జట్లలో కుడివైపువాడు చచ్చేదాకా కుడివైపే, ఎవరి చోటు వాళ్ళకు రాసిచ్చినట్టు ఉండేది. ఈయన ఎదుటి జట్టును బట్టి మనుషుల్ని కదిపేవారు. ముఖ్యంగా తాతయ్యను. ముప్ఫై అయిదేళ్ళవాడు, తల మంచిది, కాళ్ళు అయిపోయాయి. ఎదుటివాళ్ళ నిదానం మనిషి ఎటు ఆడితే అటు తాతయ్యను నిలబెట్టేవారు. వేగం మనిషి వచ్చే వైపు కొయ్య అనే గట్టి కుర్రాణ్ణి పెట్టేవారు. తాతయ్య ఎటు నిలబడతాడో ఆట మొదలయ్యేదాకా ఎదుటివాళ్ళకు తెలియకూడదు. మొత్తం రహస్యం అంతే. దానితో రెండేళ్ళు హాయిగా గెలిచాం.

మూడో ఏడు తలకిందులైంది. ఎవరితో ఆడినా వాళ్ళ వేగం మనిషి ఆట మొదలవగానే తిన్నగా తాతయ్య వైపే వచ్చి నిలబడేవాడు. అలవాటైన చోటు వదిలేసి మరీ వచ్చేవాడు. ఒకసారి అయితే సరే. పదిహేను మ్యాచ్‌లు అదే తంతు. ఈయన నిద్రలో కూడా కుడి, ఎడమ అని గొణిగేవారు.

రెండు మ్యాచ్‌లు మిగిలి ఉండగా యజమాని కబురు పెట్టాడు. లీగులో అట్టడుగున రెండు జట్లున్నాయి, మనది, పక్క ఊరిది. ఇద్దరిలో ఒకరు కింది డివిజన్‌కు దిగాలి. చివరి మ్యాచ్ ఆ రెండింటి మధ్యే. కళ్ళద్దాలు తుడుచుకుంటూ చాలా మర్యాదగా చెప్పాడట.

"కింది డివిజన్ జట్టుకి మేనేజర్ని పెట్టుకునే తాహతు ఉండదయ్యా. ఓడితే సోమవారం ఇంటి తాళాలు ఆఫీసులో ఇచ్చేయ్. ఏమీ అనుకోకు."

సమానంగా ముగిసినా మేమే దిగాలి. గెలవాల్సిందే. ఈయనకు నలభై రెండేళ్ళు, మోకాలు లేదు, కత్తి పట్టి పదిహేనేళ్ళయింది. ఇంటికొచ్చి నాతో చెప్పి, బూట్లకు గ్రీజు రాస్తూ కూర్చున్నారు. భయపడలేదు. ఎవడో చెప్తున్నాడే, మనలో ఒకడు చెప్తున్నాడు అన్నారు, అంతే.

పక్క ఊరి జట్టు మేనేజర్ మాకు కొత్తవాడు కాదు. మీసాలు అని పిలిచేవాళ్ళం. ఈయనతో కలిసి ఏడేళ్ళు ఆడి, ఈయన మేనేజర్ అయ్యాక మొదటి ఏడు ఈయన కిందా ఆడినవాడు. నన్ను వదినా అంటూ మా ఇంట్లో ఎన్ని భోజనాలు చేశాడో లెక్కలేదు. అతని చొక్కాకూ నేను ఆకుపచ్చ గుడ్డ కుట్టినదాన్నే. పిచ్చుక అక్కను ఇచ్చింది ఆ పక్క ఊరికే. ఆదివారాలు వాడు అక్కింటికి వెళ్ళొచ్చేవాడు. ఈయన అనుమానం అటు తిరిగింది.

ఆ శుక్రవారం నేను చొక్కాలు ఆరేసి, బాల్చీ బోర్లించి, నడుము సర్దుకుంటూ లేచాను. పది గంటల ప్యాసింజరు గట్టు మీద సిగ్నల్ కోసం ఆగింది. రోజూ ఆగేదే. చివరి పెట్టెలో గార్డు తలుపు దగ్గర నిలబడి ఉన్నాడు. చూపుడు వేలు చాచి, పంపు దగ్గర్నించి వంటింటి దాకా మెల్లగా జరుపుకుంటూ వచ్చాడు. మళ్ళీ వెనక్కి వెళ్ళి నీలం గుడ్డ దగ్గర వేలు ఆపాడు. జేబులోంచి చిన్న పుస్తకం తీసి ఏదో రాసుకున్నాడు. రైలు కదిలింది.

ఆ గార్డును నేనెరుగుదును. మీసాల బావమరిది. ఒకసారి స్టేషన్లో మీసాలే పరిచయం చేశాడు.

తలకొట్టేసినట్టయింది నాకు. చొక్కాలు తలకిందులుగా ఆరేస్తాను, అడుగు అంచు తీగ మీదకు వస్తుంది, రంగు గుడ్డలన్నీ పైన వరసగా కనబడతాయి. ఆటలో పరుగెత్తితే ఎవడి చొక్కా అయినా నిక్కర్లోంచి బయటికి రాక మానదు, ఏ రంగు ఎవరిదో ఒక్క మ్యాచ్ చూసినవాడికి తెలిసిపోతుంది. ఇక నా వరస సంగతి మీసాలకు ఎవరూ చెప్పక్కర్లేదు. ఒక ఏడంతా ఆ దొంతరలోంచే చొక్కా తీసుకున్నాడు. మేం కిందికి పోతే అతని జట్టు పైన మిగులుతుంది. అందుకే మాతో ఆడే ప్రతి జట్టుకూ ముందే చెవిన వేస్తున్నాడు.

వెంటనే చెప్పాల్సింది. చెప్పలేదు. వేలు చూపించినంత మాత్రాన మనిషి మీద నింద వేయలేం, ఒక్క మ్యాచ్ చూసి ఖాయం చేసుకుందామనుకున్నాను. అది నా తప్పు. మర్నాడు ఎదుటి జట్టు వేగం మనిషి కుడి చివర్నించి ఎడమకొచ్చి తాతయ్య ముందు నిలబడ్డాడు. మూడు గోల్స్ తేడాతో ఓడాం. నాకు ఖాయమైంది. కానీ నేను గేటు దాటి లోపలికి వెళ్ళేసరికే ఈయన, చొక్కాలు విప్పుకుంటున్న అందరి ముందూ, పిచ్చుకను నిలబెట్టి, మీ అక్కింట్లో తిన్నదానికి మా జట్టును కూడా వడ్డిస్తున్నావా, మళ్ళీ ఈ గుమ్మం తొక్కకు అన్నారట. వాడు బూట్లు చంకలో పెట్టుకుని వెళ్ళిపోయాడు.

ఆదివారం పొద్దున వంటింట్లో ఆయన్ని కూర్చోబెట్టి అంతా చెప్పాను. గార్డు వేలు ఎలా జరిపాడో బల్ల మీద జరిపి చూపించాను. శుక్రవారమే చెప్పకపోవడం నా తప్పని కూడా చెప్పాను. ఆయన కాసేపు పెరటి తలుపులోంచి ఖాళీ తీగను చూశారు.

"అంటే పదిహేను వారాలుగా జట్టుని ఊరికే ఎండబెడుతున్నానన్నమాట."

నాకు నవ్వొచ్చింది. ఆయనకు రాలేదు. లేచి చొక్కా వేసుకున్నారు.

"ఎక్కడికండీ?"

"పిచ్చుక దగ్గరికి."

"నేనూ వస్తాను. సగం తప్పు నాది."

వాడు ఒక టైలరు దుకాణం మీద గదిలో ఉండేవాడు. మేం మెట్లెక్కేసరికి రేకు పెట్టెలో బట్టలు సర్దుకుంటున్నాడు. ఈయన గుమ్మంలోనే నిలబడి, మెలికలు తిప్పకుండా చెప్పారు. నువ్వు కాదు, మా ఇంటి తీగ. నిన్ను అనరాని మాట అన్నాను, క్షమించు. పిచ్చుక పెట్టె మూత వేసి దాని మీద కూర్చున్నాడు.

"తిట్టడానికి పదమూడుమందిని నిలబెట్టావు. క్షమాపణకి మాత్రం నువ్వూ అక్కా వచ్చారు. ఇదేం లెక్క అన్నా?"

"నిజమే. రేపు అందర్నీ పిలిచి చెప్తాను."

నేను అడ్డుపడ్డాను. మెట్లెక్కుతున్నంతసేపూ ఆ రైలే నా బుర్రలో తిరుగుతూ ఉంది.

"రేపు వద్దు. శనివారం దాకా మీ ఇద్దరికీ పడకూడదు. ఇతన్ని తరిమేశారని పక్క ఊరికి ఈపాటికి తెలిసే ఉంటుంది. శుక్రవారం పసుపు చొక్కా వెదురు మీద ఉంటే, గార్డుకి ఏ అనుమానమూ రాదు."

ఇద్దరూ నా వైపు తిరిగారు. ముందు అర్థమైంది పిచ్చుకకే.

"అంటే వారం రోజులు నేను దొంగగా తిరగాలి."

"తిరగాలి నాయనా."

"మంగలాయన నాకు గడ్డం గీయనంటున్నాడక్కా. అమ్ముడుపోయిన గడ్డం గీయడట."

"వారం గడ్డం పెంచు. పిల్లాడిలా ఉంటావు, కాస్త పెద్దమనిషిలా కనబడతావు."

వాడు ఆలోచించాడు. మామూలు విషయం కాదు అది. ఊళ్ళో తిరిగే మనిషి, ముఖం మీద ఊస్తున్నా నోరు మూసుకోవాలి. చివరికి ఒక షరతు పెట్టాడు. గెలిచినా ఓడినా, ఆట అయ్యాక మైదానం నడిమిన, జనమంతా చూస్తుండగా ఈయన టోపీ తీసి ఆ క్షమాపణ చెప్పాలి. ఈయన సరేనన్నారు. వాడు పెట్టె తెరిచి బట్టలు మళ్ళీ మేకుకు తగిలించాడు.

ఆ వారం మా ఇంట్లో ఒక ఇబ్బంది వచ్చింది. బయటి తీగ మీద ఏం చూపించాలో తేల్చుకోవడానికి ముందు అసలు జట్టు తేలాలి. ఆయనకు తీగ లేనిదే తేలదు. గురువారం సాయంత్రం వంటింట్లో ఈ గోడ నుంచి ఆ గోడకు మేకులు కొట్టి తాడు కట్టాను. పద్నాలుగు చొక్కాలు అక్కడ వేలాడదీశాం. పొయ్యి దగ్గరికి వెళ్ళాలంటే నడుం వంచి పీపా చొక్కా కింద నుంచి దూరాలి. ఆయన దెబ్బతిన్న కాలు చాచి, కుర్చీలో వెనక్కి వాలి చూశారు. పసుపును ఎడమ చివర పెట్టించారు. నీలాన్ని మూడుసార్లు మార్పించారు.

మీసాల జట్టులో పరుగున్నవాడు ఒకడే, కుందేలు. వాణ్ణి ఏ చివర పెడతాడన్నది మీసాల ఇష్టం. తాతయ్య ఎటుంటే అటు పెడతాడు. మనం కుడివైపు అని చూపిస్తే కుందేలు అటు వస్తాడు, అక్కడ కొయ్య ఉంటాడు. తాతయ్య ఎడమన, చల్లగా.

"మొత్తం వరస తిరగేసి ఆరేద్దామే. బుర్ర తిరిగిపోవాలి వాడికి" అన్నారు ఉత్సాహంగా.

"అలా చేస్తే ఒక్క చూపులో తెలిసిపోతుంది. రెండే అబద్ధాలు. నీలం, పసుపు. మిగతావన్నీ నిజం."

ఆయన నన్ను కొత్తమనిషిని చూసినట్టు చూశారు. పెళ్ళయి పద్నాలుగేళ్ళయింది అప్పటికి.

"మీసాలు ఆట మొదలయ్యాక కనిపెడతాడు" అన్నారు. "వాడు తెలివితక్కువవాడు కాదు. మార్చుకుంటాడు."

"ఎంతసేపట్లో?"

"అరగంట పట్టొచ్చు. అరగంట చాలు. మిగతాది మనవాళ్ళు ఆడుకోవాలి."

శుక్రవారం ఉదయం లోపలి తాడు మీది చొక్కాలు తీసి ఉతికి, బయట ఆరేశాను. నీలం కుడివైపు. పసుపు వెదురు మీద. రైలు వచ్చే వేళకు నేను పెరట్లోనే ఉన్నాను. ఎప్పుడూ ఉంటాను కాబట్టి ఆ రోజు లేకపోతే తేడా కనబడుతుంది. పంపు దగ్గర బాల్చీ తోముతూ, తల ఎత్తకుండా, కొంగు చాటు నుంచి చూశాను. గార్డు వేలు జరిగింది. నీలం దగ్గర ఆగింది. వెదురు మీదికి వెళ్ళి పసుపు దగ్గర కూడా ఆగింది. పుస్తకం తీశాడు. నేను బాల్చీని అంతగా ఎన్నడూ తోమలేదు.

శనివారం పొద్దున్నుంచీ సన్నగా వాన. మైదానం నిండింది. పిచ్చుక గడ్డంతో, పాత కోటు వేసుకుని జనంలో కలిసి వచ్చాడు. గేటు దగ్గర ఎవరో, ఇవాళ ఎంతకు అమ్మావురా అని అడిగారు. వాడు టిక్కెట్టు కొనుక్కుని లోపలికి వచ్చాడు. మిగతావాళ్ళకు ఏదీ తెలియదు. దొంతరలో పసుపు చూసి పీపా, అన్నా ఇది పొరపాటున వచ్చింది అన్నాడట. పొరపాటు కాదన్నారు ఈయన. అప్పుడే కోటు విప్పుతూ పిచ్చుక లోపలికి అడుగుపెట్టాడు. అడగడానికి టైము లేదు, ఈల వేసేశారు.

మా జట్టు ఒకరి వెనక ఒకరు మైదానంలోకి దిగింది. చివర పిచ్చుక కనబడగానే జనం గోలగోల. కొందరు మావాణ్ణే తిట్టారు. నేను చెక్క బల్ల మీద యజమాని వెనక వరసలో కూర్చుని మీసాలను చూస్తున్నాను. గీత అవతల నిలబడి ఉన్నాడు. ముందు పిచ్చుకను చూశాడు. తర్వాత తాతయ్య ఎడమవైపుకు నడవడం చూశాడు. తర్వాత మెడ తిప్పి, ఇంతమంది జనంలో నన్ను వెతికాడు. నేను కొంగు సర్దుకున్నాను.

కుందేలు కొయ్యకు ఎదురుగా నిలబడి ఉన్నాడు. రెండుసార్లు ప్రయత్నించాడు, రెండుసార్లూ బురదలో కూర్చున్నాడు. పిచ్చుక ఆడడని పక్క ఊరివాళ్ళు అతని వైపు కాపలాకు తమ బరువు మనిషిని పెట్టుకున్నారు. ఇరవయ్యో నిమిషంలో పిచ్చుక ఆ బరువు మనిషిని ఒక పక్కకు వంచి ఇంకో పక్కనుంచి వెళ్ళిపోయి గోలు కొట్టాడు. ఇందాక తిట్టిన నోళ్ళే అరిచాయి. పది నిమిషాలకు మళ్ళీ అదే దారిన పోయి బంతి పైకెత్తాడు, పీపా తలతో లోపలికి తోశాడు. రెండు.

అప్పటికి సరిగ్గా అరగంట. మీసాలు గీత వెంబడి పరుగెత్తుకుంటూ అరిచి కుందేలును ఇటు మార్చాడు, బరువు మనిషిని తీసేసి పిచ్చుక మీద ఇద్దరిని పెట్టాడు. అక్కడితో మా రహస్యం అయిపోయింది. మిగిలింది గంట ఆట, తాతయ్య కాళ్ళు.

కుందేలు మొదటిసారే తాతయ్యను దాటేసి గోలు కొట్టాడు. రెండు ఒకటి. ఇంకొక్కటి పడితే సమానం, సమానమైతే తాళాలు. రెండో సగమంతా బంతి మా వైపే ఉంది. ఈయన గీత దగ్గర కర్ర మీద ఆనుకుని నిలబడ్డారు. తాతయ్యను మార్చమని జనం అరుస్తున్నారు. కొయ్యను ఇటు తెస్తే పోయేది కదా అని యజమాని వెనక్కి తిరిగి నన్నే అడిగాడు. తెస్తే కుందేలు మళ్ళీ అటు వెళ్తాడండీ అన్నాను. నిజానికి నాకూ అనిపించింది మార్చేస్తే బాగుండునని. ఈయన కదపలేదు. విరామంలో తాతయ్యతో ఒక్క మాట అన్నారట. నువ్వు వాడి వెనక పరుగెత్తకు, ముందే పడుకో.

తాతయ్య అదే చేశాడు. పరుగు మానేశాడు. కుందేలు ఎటు వస్తాడో ముందే ఊహించి, బంతి మీదకు పొట్ట మీద జారుతూ పడిపోయేవాడు. లేచేవాడు, మళ్ళీ పడేవాడు. పదిసార్లో పన్నెండుసార్లో. ఒకసారి కుందేలు అతని వీపు మీంచి దూకి, అవతల కాలు జారి చతికిలబడ్డాడు. చివరి అయిదు నిమిషాలు మా ఎరుపు గుడ్డ కీపరు నోట్లో బురదతో అరుస్తూ రెండు బంతులు ఆపాడు. ఈల పడింది.

జనం మైదానంలోకి పడబోయారు. ఈయన కర్ర అడ్డం పెట్టి ఆపి, కుంటుకుంటూ నడిమికి వెళ్ళారు. పిచ్చుకను పిలిచారు. టోపీ తీశారు. వానలో బట్టతల మెరుస్తూ నిలబడి, చివరి బల్ల దాకా వినబడేటట్టు, ఇతన్ని నేను అన్యాయంగా అన్నాను, తప్పు నాది, ఇతనిది కాదు అన్నారు. ఎందుకో, ఏమిటో చెప్పలేదు. పిచ్చుక ఆయన చేతిలోంచి టోపీ తీసుకుని ఆయన తల మీద పెట్టాడు. ఆ టోపీ పెట్టడానికి మునివేళ్ళ మీద లేవాల్సి వచ్చింది వాడికి. అది ఫోటో తీసినవాడు ఉంటే ఆ పుస్తకానికి అట్ట అయ్యేది.

గేటు దగ్గర మీసాలు ఎదురయ్యాడు. మొహం చిన్నబోయి ఉంది. అయినా మర్యాద తప్పలేదు.

"వదినా, నిన్న చొక్కాలు సరిగ్గా ఆరినట్టు లేదే."

"బాగానే ఆరాయి మరిదీ. మీ బావమరిదికే చూపు సరిగ్గా ఆనుతున్నట్టు లేదు. అద్దాలు కొనిపెట్టు."

అతను మీసం చివర్లు నమిలి నవ్వేశాడు. ఆకుపచ్చ గుడ్డ ఇంకా దాచుకున్నానని చెప్పి వెళ్ళాడు. ఆ ఏడు అతని జట్టు కిందికి దిగింది. రెండేళ్ళకు మళ్ళీ పైకొచ్చింది. మనిషి గట్టివాడు.

ఆదివారం తాతయ్య చొక్కా ఉతికాను. ముందువైపంతా బురద పెళ్ళలు కట్టి ఉంది, మూడు నీళ్ళు మార్చినా వదల్లేదు. వెనకవైపు మాత్రం ఒక్క బూటు అచ్చు, మిగతాదంతా శుభ్రం.

సోమవారం తాళాలు అడగడానికి ఎవరూ రాలేదు. యజమానే వచ్చాడు, ఇంకో అయిదేళ్ళకు కాగితం పట్టుకుని. వంటింట్లో కట్టిన తాడు కింద వంగి లోపలికొస్తూ, ఇదేమిటమ్మా, బయట తీగ ఉందిగా అన్నాడు. వానలండీ అన్నాను. ఆ తాడు తర్వాత తీయలేదు. ఈయన మరో పదహారేళ్ళు మేనేజర్‌గా ఉన్నారు, మూడుసార్లు లీగు గెలిచారు, జట్టును మాత్రం ఎప్పుడూ ఆ తాడు ముందు కూర్చునే ఎంచారు. మేకులు ఆ గోడల్లో ఇంకా ఉన్నాయి.

మరుసటి సీజను మొదటి శుక్రవారం నేను ఎప్పటిలా చొక్కాలు ఉతికి పెరట్లోకి తెచ్చాను. ఏ వరసలో ఆరేయమంటారని అడిగాను. ఆయన టీ తాగుతూ ఆలోచించి, ఉన్నది ఉన్నట్టే ఆరెయ్యి అన్నారు. నాకు అర్థమైంది. లోపలి తాడు మీద ఎలా ఉన్నాయో అలాగే, ఒక్క చొక్కా మార్చకుండా, పంపు దగ్గర్నించి గుమ్మం దాకా ఆరేశాను. పది గంటల ప్యాసింజరు వచ్చి ఆగింది. గార్డు తలుపు దగ్గరే ఉన్నాడు. తీగను చూశాడు. నన్ను చూశాడు. నేను చెయ్యెత్తి, బాగున్నారా అన్నట్టు ఊపాను. మా పెరట్లో ఇక నిజమన్నది ఉండదని తేల్చుకున్నట్టు, అతను మెడ తిప్పేసి రెండో వైపు పొలాలను చూస్తూ వెళ్ళిపోయాడు.